నత్త గుల్లలో కాపురం: టాంగన్యికా ‘మల్టీ’ చేపను ఇంట్లో పెంచడం ఎలా?

సిక్లిడ్లంటే ఒక పెద్ద చేపల కుటుంబం. షాపులో ‘ఆఫ్రికన్ సిక్లిడ్స్’ అని బోర్డు పెట్టిన ట్యాంకుల్లో ఉండేవి చాలావరకు మలావీ సరస్సు చేపలు. పసుపు, నీలం రంగులు, ఎప్పుడూ తరుముకోవడాలు. వాటి పక్కన పెడితే మల్టీ ఎవరి కంటికీ ఆనదు. మగది నాలుగున్నర సెంటీమీటర్లు దాటితే గొప్ప, ఆడది మూడు సెంటీమీటర్ల పైచిలుకు. బూడిద, గోధుమ కలిసిన ఒళ్లు, దాని మీద సన్నటి నిలువు చారలు, నీలంగా మెరిసే కళ్లు. ప్రపంచంలోని అతి చిన్న సిక్లిడ్లలో ఇదొకటి. అయినా రెండడుగుల ట్యాంకులో దీన్ని మించిన చేప లేదని నా అభిప్రాయం. ఇల్లు కట్టడం, సరిహద్దులు గీసుకోవడం, పొరుగువాళ్లతో తగాదా, పిల్లల కాపలా, అన్నీ మీ కళ్లెదుటే జరుగుతాయి.

పూర్తి పేరు నియోలాంప్రోలోగస్ మల్టీఫాసియాటస్. 1906లో జంతుశాస్త్రవేత్త బూలెంజర్ దీన్ని శాస్త్రలోకానికి పరిచయం చేశాడు. ప్రకృతిలో ఇది దొరికేది ఒక్క టాంగన్యికా సరస్సులోనే. ఆ సరస్సు టాంజానియా, కాంగో, బురుండీ, జాంబియా దేశాల మధ్య దాదాపు 670 కిలోమీటర్ల పొడవున పరుచుకుని ఉంటుంది. లోతు 1,470 మీటర్లు. బైకాల్ తర్వాత ప్రపంచంలో అంత లోతైన సరస్సు ఇంకొకటి లేదు.

మన చేప ఉండేది మాత్రం అంత లోతున కాదు. ఒడ్డుకు దగ్గరగా, ఇసుక నేల మీద, నియోథౌమా అనే నత్త గుల్లలు గుట్టలుగా పడి ఉన్న చోట. ఆ నత్త కూడా ఆ సరస్సుదే. అక్కడి నీటిలో కార్బొనేట్లు ఎక్కువ కాబట్టి నత్త చచ్చిపోయినా గుల్ల కరగదు, వందల ఏళ్లు అలాగే ఉంటుంది. బండలు, చెట్లు లేని ఆ బయలులో చిన్న చేపకు తలదాచుకోవడానికి ఉన్న చోటు ఆ గుల్ల ఒక్కటే. గుడ్లు పెట్టేది, నిద్రపోయేది, పెద్ద చేప వస్తే దూరేది దాంట్లోనే. కాబట్టి మనం సమకూర్చాల్సినవి మూడు: గుల్లలు, ఇసుక, గట్టి నీళ్లు. చేపను కొనేది వీటి తర్వాతే.

మొదటి పని: మీ ఇంటి నీళ్ల సంగతి తేల్చుకోండి

బకెట్ అంచున తెల్ల పొర కట్టి, గీజర్ కాయిల్‌ను తినేసే బోరు నీళ్లను మనం రోజూ తిట్టుకుంటాం. మల్టీకి కావలసినవి దాదాపు అలాంటి నీళ్లే. సరస్సు నీటి పీహెచ్, అంటే ఆమ్ల, క్షార గుణాల కొలత, 9కి కొంచెం అటూ ఇటూగా ఉంటుంది. కార్బొనేట్ కాఠిన్యం, అంటే కేహెచ్, 16 డిగ్రీలు దాటుతుంది. ఇంట్లో అంత అక్కర్లేదు. ట్యాంకులో పుట్టి పెరిగిన చేపలు పీహెచ్ 8 నుంచి 8.8 వరకు, కేహెచ్ 10 నుంచి 15 వరకు ఉంటే హాయిగా బతుకుతాయి, పిల్లల్ని పెడతాయి. మొత్తం కాఠిన్యం, అంటే జీహెచ్, 10 దగ్గర ఉంటే చాలు.

ఆర్వో నీళ్లతో ట్యాంక్ నింపాలనే ఆలోచన మానుకోండి. ఈ చేపకు అవసరమైన ఖనిజాలన్నీ ఆర్వో మెషీన్ తీసేస్తుంది.

ప్రతి ఇంట్లో ఉండే టీడీఎస్ మీటర్‌ను నమ్ముకోవద్దు. అది నీటిలో మొత్తం ఎంత కరిగి ఉందో చెబుతుంది గానీ ఏది కరిగి ఉందో చెప్పదు. 800 చూపించే బోరు నీటిలో సగం ఉప్పే ఉండొచ్చు. చుక్కలు వేసి రంగు చూసే లిక్విడ్ టెస్ట్ కిట్ కొనండి. పీహెచ్, కేహెచ్, జీహెచ్, అమోనియా, నైట్రైట్, ఈ ఐదూ తప్పనిసరి.

బోరు నీటిని పట్టిన వెంటనే పరీక్షిస్తే పీహెచ్ 7.2 అని రావచ్చు. కంగారు పడొద్దు. భూమి లోపలి నీటిలో కార్బన్ డయాక్సైడ్ ఎక్కువగా కరిగి ఉంటుంది, అది పీహెచ్‌ను కిందికి లాగుతుంది. బకెట్‌లో ఎయిర్ స్టోన్ వేసి ఒక రోజంతా గాలి ఆడించండి. ఆ వాయువు పోయాక మళ్లీ చూస్తే 8 దాటి ఉండవచ్చు. మీ నీటి అసలు పీహెచ్ అదే.

మున్సిపల్ నీళ్లయితే రెండు తేడాలు. క్లోరిన్ ఉంటుంది, దానికి షాపుల్లో అమ్మే యాంటీ క్లోరిన్ చుక్కలు వెయ్యాలి. రెండోది, నది నీళ్లు మెత్తగా ఉండే అవకాశం ఎక్కువ, కేహెచ్ నాలుగైదు డిగ్రీల దగ్గరే ఆగిపోవచ్చు. అప్పుడు వంటింటి సరుకే పనికొస్తుంది. 100 లీటర్ల నీటిలో 3 గ్రాముల వంట సోడా కలిపితే కేహెచ్ ఒక డిగ్రీ పెరుగుతుంది. అదే 100 లీటర్లలో 4.4 గ్రాముల ఎప్సం సాల్ట్ కలిపితే జీహెచ్ ఒక డిగ్రీ పెరుగుతుంది, అది మెడికల్ షాపులో దొరుకుతుంది. ఉదాహరణకు మీ ట్యాంకులో అసలు నీళ్లు 45 లీటర్లు, కేహెచ్ 4 ఉందనుకుందాం. 12కి తేవాలంటే ఎనిమిది డిగ్రీలు పెంచాలి. డిగ్రీకి 1.35 గ్రాముల చొప్పున 11 గ్రాములకు కొంచెం తక్కువ వంట సోడా పడుతుంది. చెంచా లెక్కలు వదిలేసి చిన్న త్రాసు వాడండి.

వంట సోడా ఎంత వేసినా పీహెచ్ 8.2, 8.4 దగ్గరే నిలబడుతుంది, అది చాలు. 9 చేయాలని బట్టల సోడా జోలికి పోవద్దు. అది పీహెచ్‌ను ఒక్కసారిగా ఎక్కడికో తీసుకుపోతుంది. బేకింగ్ పౌడర్ కూడా వద్దు, అందులో ఆమ్లం, పిండి కలిసి ఉంటాయి.

ట్యాంక్, ఇసుక

రెండడుగుల పొడవు, అడుగు వెడల్పు, అడుగు ఎత్తు ఉన్న ట్యాంకులో నిండుగా 56 లీటర్లు పడతాయి. ఇసుక, గుల్లలు, పైన వదిలే ఖాళీ పోను 45 లీటర్లు అనుకోండి. ఒక కుటుంబం మొదలుపెట్టడానికి ఇది సరిపోతుంది. ఎత్తు పెంచి లాభం లేదు. ఇవి నేలను అంటిపెట్టుకుని బతికే చేపలు. డబ్బులు ఉంటే పొడవుకు పెట్టండి.

ఫిల్టర్‌గా ఎయిర్ పంప్‌తో నడిచే స్పాంజ్ ఫిల్టర్ చాలు. పవర్ ఫిల్టర్ పెడితే రెండు తంటాలు: ఇసుక లోపలికి పోయి మోటార్ అరుగుతుంది, అరసెంటీమీటరు పిల్లలు కూడా అందులోకే పోతాయి.

ఇసుక ఐదు సెంటీమీటర్ల మందాన వెయ్యాలి, ఇంకొంచెం ఎక్కువైనా మేలే. రంగు రాళ్ల గ్రావెల్ పనికిరాదు. ఎందుకంటే ఈ చేప ఇసుకను నోటితో తీసి మోస్తుంది. కాసేపు గమనిస్తే తెలుస్తుంది. గుల్ల పక్కన తల కిందికి పెట్టి నోరు నింపుకుంటుంది. రెండు మూడు అంగుళాలు ఈది అవతల ఊసేస్తుంది. మళ్లీ వస్తుంది. కొన్నిసార్లు నోటి పని ఆపి, ఒళ్లు ఇసుకలో ఆనించి, తోక గట్టిగా ఆడిస్తుంది. గుల్ల కింద ఇసుక ఎగిరిపోయి గుల్ల కొద్దికొద్దిగా దిగుతుంది. సాయంత్రానికి మీరు అమర్చిన చదునైన నేల గుంటలు, దిబ్బలుగా మారిపోయి ఉంటుంది. సర్దకండి. మీరు సర్దితే అది మళ్లీ మొదలుపెడుతుంది.

నది ఇసుక దొరికితే పిండి జల్లెడతో జల్లించి, కిందపడిన సన్నటిది తీసుకుని, నీళ్లు తేటగా వచ్చేదాకా కడగండి. రాతిని పొడి చేసి అమ్మే రోబో శాండ్ అంచులు పదునుగా ఉంటాయి, అది వద్దు. స్విమ్మింగ్ పూల్ ఫిల్టర్లలో వాడే సన్న ఇసుక కూడా బాగుంటుంది.

ఒకట్రెండు బండలు పెట్టాలనుకుంటే ఇసుక పొయ్యకముందే గాజు మీద ఆనించి పెట్టండి. ఇసుక మీద పెడితే చేపలు కింద తవ్వేస్తాయి, బండ ఒరిగి గాజుకు తగులుతుంది. మొక్కల్లో వాలిస్నేరియా ఈ నీటికి తట్టుకుంటుంది, పెరికెయ్యకుండా ఉంచితే అదృష్టం. అనూబియాస్‌ను బండకు కట్టి వదిలెయ్యడం తేలిక.

గుల్లలు: మన పొలాల్లోనే ఉన్నాయి

విదేశాల్లో అభిరుచి ఉన్నవాళ్లు తినే నత్తల గుల్లలు హోటళ్ల నుంచి తెచ్చుకుంటారు. మనకు ఆ అవసరం లేదు. వరి కోశాక పొలం గట్ల మీద, ఎండిన చెరువు అంచున తెల్లబడి పడి ఉండే నత్త గుల్లలు అచ్చంగా సరిపోతాయి. గుండ్రటి పొట్ట, వెడల్పాటి మూతి ఉంటాయి, చేప లోపల తిరిగి బయటికి రాగలదు. నాలుగైదు సెంటీమీటర్ల గుల్లలు ఏరండి. మరీ పెద్దవైతే ఒకే గుల్ల కోసం రెండు చేపలు కొట్టుకుంటాయి.

బీచ్ దగ్గర అమ్మే సముద్రపు శంఖాలు చూడ్డానికి బాగుంటాయి గానీ, నేనైతే వాడను. చాలావాటికి మెరుపు కోసం వార్నిష్ పూస్తారు. కొన మొనదేలిన సన్నటి రకాల్లో చేప లోపలికి దూరి ఇరుక్కుపోతుంది.

పొలం గుల్లలకు ఒక జాగ్రత్త అవసరం, పురుగుమందు. మందు కొట్టిన మడిలోంచి కాకుండా చెరువు ఒడ్డు నుంచి ఏరుకోవడం మంచిది. తెచ్చాక గట్టిగా ఊపి లోపలి మట్టి, ఎండిన నత్త మాంసం ఉంటే రాల్చండి. పాత గిన్నెలో ఇరవై నిమిషాలు ఉడకబెట్టండి. వాసన వస్తుంది కాబట్టి వంటింట్లో కాకుండా పెరట్లో చేస్తే ఇంట్లోవాళ్లు ఊరుకుంటారు. తర్వాత బకెట్ నీళ్లలో వారం రోజులు నానబెట్టి, రోజూ నీళ్లు మార్చండి. చివర్లో మూతి దగ్గర ముక్కు పెట్టి చూడండి. కుళ్లు వాసన ఏమాత్రం ఉన్నా ఆ గుల్ల పక్కన పెట్టెయ్యండి. లోపల చిక్కుకున్న చిన్న మాంసం ముక్క చాలు, చిన్న ట్యాంక్ నీటిని పాడు చేయడానికి.

చేపకు మూడు గుల్లల చొప్పున లెక్కేయండి, ఇంకా ఎక్కువైతే తగాదాలు తగ్గుతాయి. ఆరు చేపలకు ఇరవై, పాతిక గుల్లలు. అన్నీ ఒకేచోట పోగుపెట్టకుండా, మధ్యలో జానెడు ఖాళీ వదిలి రెండు మూడు గుంపులుగా పరచండి. ఒక మగది ఒక గుంపును తనదంటుంది. రెండో మగదానికి ఇంకో గుంపు ఉండాలి.

ఖాళీ ట్యాంకును నెల రోజులు నడపండి

ఎక్కువమంది తొందరపడేది ఇక్కడే. చేపల వ్యర్థాల నుంచి అమోనియా వస్తుంది. దాన్ని నైట్రైట్‌గా, నైట్రైట్‌ను నైట్రేట్‌గా మార్చే బ్యాక్టీరియా స్పాంజ్‌లో స్థిరపడాలి. ఏ చేపకైనా ఇది అవసరమే, మల్టీకి మాత్రం తప్పించుకునే దారే లేదు. దానికి కారణం పీహెచ్. 25 డిగ్రీల దగ్గర, పీహెచ్ 7 ఉన్న నీటిలో అమోనియాలో విష రూపంలో ఉండేది నూటికి ఒక వంతు కూడా కాదు. పీహెచ్ 8లో అది ఐదు శాతం దాటుతుంది. 9లో దాదాపు 36 శాతం. మామూలు నీటిలో గప్పీ లాంటి చేపలు ఓర్చుకున్న అమోనియా ఈ నీటిలో ప్రాణాలు తీస్తుంది.

ఖాళీ ట్యాంకులో రోజూ చిటికెడు చేపల మేత వేస్తూ ఫిల్టర్ నడపండి. తెలిసినవాళ్ల దగ్గర జబ్బులు లేని పాత ట్యాంక్ ఉంటే వాళ్ల స్పాంజ్‌ను మీ ట్యాంకులో పిండుకోండి, పని త్వరగా అవుతుంది. లేకపోతే మూడు నుంచి ఐదు వారాలు పట్టొచ్చు. మేత వేస్తున్నా అమోనియా, నైట్రైట్ రెండూ సున్నా చూపించి, అది వారం రోజులు అలాగే నిలబడితే ట్యాంక్ సిద్ధమైనట్టు.

చేపల ఎంపిక

మన దగ్గర షాపుల్లో అరుదుగానే కనిపిస్తాయి. చెన్నైలోని కొళత్తూరు లాంటి రంగు చేపల కేంద్రాల నుంచో, ఇంట్లో పిల్లలు తీసేవాళ్ల నుంచో తెప్పించుకోవాల్సి రావచ్చు. ఇంట్లో పిల్లలు తీసేవాళ్లు దొరికితే అదే మేలు. మీ ఊరి నీటికి అలవాటు పడిన చేపలు వస్తాయి.

పోలికలతో మోసపోకండి. సిమిలిస్ అనే దగ్గరి చుట్టం ఉంది. దాని చారలు తల మీద కంటి వెనకదాకా వస్తాయి. మల్టీకి చారలు మొప్ప మూత వెనక నుంచే మొదలవుతాయి. అదీ మంచి చేపే, రెండింటినీ కలిపి మాత్రం పెంచకండి, సంకరం అవుతాయి. ఒసెలాటస్‌కు మొప్ప మూత మీద కన్నులాంటి మచ్చ ఉంటుంది. అది గుల్లలో ఉండే చేపే గానీ, గుంపు కాపురం చేసేది కాదు.

చిన్న వయసులో ఆడా మగా పోల్చడం కష్టం. ఆరు నుంచి ఎనిమిది పిల్లల్ని తీసుకుంటే రెండు రకాలూ వస్తాయి. పొట్ట లోపలికి పోయినవి, రెక్కలు ఒంటికి అంటుకున్నవి, ఒక మూల నీటి పైపొరలో ఊగుతున్నవి వద్దు.

పక్క ఊరి నుంచి గంటలో తెస్తే కవర్‌ను ట్యాంకులో ఇరవై నిమిషాలు తేలనిచ్చి, గాలి గొట్టంతో చుక్కచుక్కగా నీళ్లు కలుపుతూ అలవాటు చేయండి. పార్సిల్‌లో ఒక రాత్రి ప్రయాణం చేసి వచ్చినవాటికి అలా చేయొద్దు. మూసిన కవర్‌లో చేపలు వదిలిన కార్బన్ డయాక్సైడ్ పీహెచ్‌ను తగ్గించి ఉంచుతుంది, అందుకే అమోనియా పేరుకున్నా విషం కాకుండా ఆగుతుంది. కవర్ విప్పగానే ఆ వాయువు పోతుంది, పీహెచ్ పెరుగుతుంది, అమోనియా విషంగా మారుతుంది. కాబట్టి విప్పకుండానే ఉష్ణోగ్రత సమానం చేసి, విప్పిన వెంటనే వలతో తీసి ట్యాంకులోకి వదిలెయ్యండి. కవర్ నీళ్లు సింకులో పారబొయ్యండి.

ఆ రోజు లైటు వెయ్యకండి. రెండు మూడు రోజులు చేపలు కనిపించకపోవచ్చు. గుల్లలు ఎత్తి చూడకండి.

మేత

సరస్సులో ఇవి గుల్ల దగ్గరే నిలబడి, నీటిలో కొట్టుకొచ్చే సన్న జీవుల్ని ఏరుకుని తింటాయి. నోరు చిన్నది. నలిపిన మైక్రో పెల్లెట్లు రోజూ రెండుసార్లు, ఒక్క నిమిషంలో అయిపోయేంత వేస్తే చాలు. వారంలో రెండు మూడుసార్లు అప్పుడే పొదిగిన ఆర్టీమియా (ఉప్పు నీటిలో పెరిగే సన్న జీవి) పెట్టండి. కోస్తాలో రొయ్యల హ్యాచరీల గురించి తెలిసినవాళ్లకు ఆర్టీమియా కొత్త కాదు, రొయ్య పిల్లలకు పెట్టే మేత అదే. డబ్బా గుడ్లు కొని, సీసాలో ఉప్పు నీళ్లు పోసి గాలి ఆడిస్తే ఒకటిన్నర రోజులోపే నారింజ రంగు చుక్కల్లా పొదుగుతాయి. ఆ ఉప్పు నీళ్లు వడగట్టి వెయ్యండి.

మురుగు కాలువల్లో పట్టి అమ్మే ట్యూబిఫెక్స్ పురుగులు ఎంత చవగ్గా వచ్చినా వద్దు. రోగాలను కొని తెచ్చుకున్నట్టే.

ఎండాకాలం

సరస్సు పైపొర నీళ్లు ఏడాది పొడవునా 24, 28 డిగ్రీల మధ్యే ఉంటాయి. మన మే నెల సంగతి తెలిసిందే. డాబా పైఅంతస్తు గదిలో ట్యాంక్ నీళ్లు 32 దాటిపోతాయి. నీళ్లు వేడెక్కేకొద్దీ అందులో కరిగే ఆక్సిజన్ తగ్గుతుంది. అమోనియా విషం కూడా పెరుగుతుంది. ఈ చేపలకు నిజమైన టెన్షన్ ఏప్రిల్ నుంచి జూన్ దాకా.

ట్యాంకును పడమటి గోడకు దూరంగా, కింది అంతస్తులో పెట్టండి. మూత తీసి దోమతెర కట్టి, నీటి పైపొరకు తగిలేలా చిన్న ఫ్యాన్ పెట్టండి. ఆవిరయ్యే నీళ్లు వేడిని తీసుకుపోతాయి, రెండు మూడు డిగ్రీలు తగ్గుతాయి. హైదరాబాద్, కర్నూలు లాంటి పొడి వేడి ఊళ్లలో ఇది బాగా పనిచేస్తుంది. విజయవాడ, విశాఖల ఉక్కపోతలో అంతగా పనిచేయదు, అక్కడ ఏసీ గదే గతి. ఐసు సీసాలు ముంచడం నాకు నచ్చదు. గంటలో నాలుగు డిగ్రీలు దిగి మళ్లీ ఎక్కడం, నిలకడగా ఉండే 30 డిగ్రీల కన్నా చెరుపు.

ఫ్యాన్ పెట్టాక నీళ్లు రోజూ తగ్గుతాయి. ఆవిరయ్యేది నీళ్లే, ఖనిజాలు ట్యాంకులోనే మిగులుతాయి. కాబట్టి తగ్గిన మేరకు పోసేవి మాత్రం ఆర్వో నీళ్లు అయి ఉండాలి. ఈ మొత్తం వ్యవహారంలో ఆర్వో పనికొచ్చేది ఇక్కడొక్కచోటే. కరెంటు పోతే నడిచే బ్యాటరీ ఎయిర్ పంప్ ఒకటి ఇంట్లో ఉంచుకోండి.

చలికాలంలో ఆదిలాబాద్ వైపు, హైదరాబాద్‌లో కూడా 25 డిగ్రీల దగ్గర హీటర్ పెట్టాలి.

పిల్లలు

మీరు చేయాల్సింది పెద్దగా ఏమీ లేదు. ఆడది తన గుల్ల లోపల గుడ్లు పెడుతుంది, మగది మూతి దగ్గర నుంచి ఫలదీకరిస్తుంది. మీకు కనిపించేది వారం, పది రోజుల తర్వాతే. గుల్ల అంచున వెంట్రుక ముక్కలాంటి పిల్ల ఒకటి ఇసుకకు ఆనుకుని ఉంటుంది. మీ నీడ పడగానే లోపలికి మాయం. ఒక కాన్పులో పిల్లలు తక్కువే, కానీ తల్లి మళ్లీ మళ్లీ పెడుతుంది. చాలా సిక్లిడ్లలో ముందు కాన్పు పిల్లల్ని తరిమేస్తారు. వీటిలో ముందు కాన్పు పిల్లలు, తర్వాతి కాన్పు పిల్లలు, తల్లిదండ్రులు ఒకే గుంపులో పక్కపక్క గుల్లల్లో కాపురం ఉంటారు. అందుకే పిల్లల్ని వేరు చేయాల్సిన పని లేదు. మేత వేసేటప్పుడు ఆర్టీమియాను పిప్పెట్‌తో గుల్లల దగ్గర వదిలితే చాలు.

వారానికి 10 నుంచి 15 శాతం నీళ్లు మార్చండి. కొత్త నీళ్లలో వంట సోడా, ఎప్సం సాల్ట్ కలపాల్సి ఉంటే ముందే కలిపి, ఒక రోజు గాలి ఆడించి పొయ్యండి. సైఫన్ గొట్టం చివర పలుచటి గుడ్డ కట్టండి, లేకపోతే పిల్లలు బకెట్‌లో తేలతాయి. ఇసుకను లోతుగా కెలకొద్దు.

తోడుగా వేరే చేపలు కావాలా అంటే, రెండడుగుల ట్యాంకులో వద్దు. గోల్డ్‌ఫిష్, ఏంజెల్, మలావీ చేపలు, ఏవీ సరిపడవు.

చేపలు ఎక్కువైతే

ఏడాదిన్నరలో ఆరు చేపలు ముప్పై దాటొచ్చు. వలతో తరిమితే అన్నీ గుల్లల్లోకి దూరతాయి. చేప దూరిన గుల్లను మూతి వేలితో మూసి అలాగే ఎత్తండి. లోతు తక్కువ నీళ్లున్న గిన్నెలో మూతి కిందికి ఉండేలా, గుల్ల సగం బయటికి ఉండేలా పట్టుకోండి. కాసేపటికి చేప తనే జారి వస్తుంది. విదిలించడం, గుల్ల పగలగొట్టడం అక్కర్లేదు. పరాయి ఇంటికి పంపేటప్పుడు గుల్లతో సహా కవర్‌లో వేయకండి, దారిలో దొర్లి చేపకు దెబ్బ తగులుతుంది. ముందురోజు మేత ఆపి, కవర్‌లో మూడో వంతు నీళ్లు, మిగతాది ఆక్సిజన్ నింపి పంపండి.

తీసుకునేవాళ్లు ఎవరూ దొరక్కపోతే సగం గుల్లలు తీసెయ్యండి, కాన్పులు నెమ్మదిస్తాయి. చెరువులో, కాలువలో మాత్రం వదలొద్దు. 1952లో మన దేశానికి తెచ్చిన మొజాంబిక్ తిలాపియా కూడా ఆఫ్రికా సిక్లిడే. ఇవాళ అది లేని చెరువును వెతుక్కోవాల్సి వస్తోంది.